ముల్లంగి కుండలో సాకే

మా కోచి ఊళ్లో ఆడా మగా తేడా లేకుండా అందరూ దండిగా తాగుతారని జపాను దేశమంతా చెప్పుకుంటారు. చెప్పుకోనీ, మాకేం నష్టం లేదు. అటువంటి ఊళ్లో, సాకే అనే బియ్యపు సారా ఒక్క గుటక లోపలికి పోతే చాలు మొహం ఉడికిన పీతలా ఎర్రబడిపోయే మనిషి సారాతోపాటు తిండీ పెట్టే ఇజకాయా నడపడమంటే, ఈత రానివాడు పడవ నడిపినట్టే. మినోరి అలా రెండేళ్లు నడిపింది. పడవ బోల్తా పడిన రోజున నేను అక్కడే ఉన్నాను.

నా పేరు చిగుసా. మాది గొడుగుల కొట్టు. సందుకు ఇవతల నా కొట్టు, అవతల 'ఇసరిబి'. ఆ ఇజకాయాలో బల్ల వారన ఎనిమిది మంది, చాపల మీద ఇంకో పది మంది పడతారు. పండగ నాడైతే ఒకళ్ల మోచేయి ఇంకొకళ్ల పళ్లెంలో ఉంటుంది. బల్ల చివర, పొయ్యికి ఆనుకుని ఉన్న కుర్చీ నాది. ఎండాకాలం ఆ వేడికి అక్కడ ఎవరూ కూర్చోరు కనక అది నాదైపోయింది.

ఇసరిబిని నలభై ఏళ్లు నడిపింది కమెయో పెద్దమ్మ. ఆవిడని మొహం మీదే 'తిమింగలం' అని పిలిచేవారు, ఆవిడ మురిసిపోయేది. ఎంతమంది కప్పులు అందించినా అందరివీ ఖాళీ చేసి, ఆఖరివాణ్ణి ట్రాము ఎక్కించి, ఆ తర్వాత అంట్లు తోముకునే మనిషి. మోకాలికి ఆపరేషన్ అయ్యాక నిలబడటం కష్టమై, మేడ మీద గదిలో విశ్రాంతి పుచ్చుకుంది. కొడుకు కోసాకు ఓడలో ఇంజనీరు, నెలలో సగం రోజులు సముద్రం మీదే. అందుకని అంగడి కోడలి చేతికి వచ్చింది.

మినోరిది మా ఊరు కాదు, మియె వైపు తొబా. వంటలో ఆమెకు వంక పెట్టేవాడు ఇంకా పుట్టలేదు. ఈల్ అనే పాము చేపకి పెద్దన్నలా ఉండే ఉత్సుబోని ముక్కలు చేసి వేయిస్తే పైన కరకర, లోపల వెన్న. అందుకే తాళాలు అప్పజెప్పేటప్పుడు కమెయో పెద్దమ్మ వంట ఊసే ఎత్తలేదు.

"నీకు ఒక్కటే చెప్తున్నా, విను. ఎవరైనా కప్పు ఇస్తే వద్దనకు. కప్పు వద్దంటే ఆ మనిషిని వద్దన్నట్టే."

మా దగ్గర పద్ధతి అది. నా కప్పు నేను ఖాళీ చేసి మీ చేతికిచ్చి, నిండా పోస్తాను. మీరు తాగి, అదే కప్పు నాకు తిరిగిచ్చి, నాకు పోస్తారు. అలా కప్పు అటూ ఇటూ తిరుగుతూ ఉంటే, మధ్యలో మాటలూ తిరుగుతాయి.

"అలాగే అత్తయ్యా," అంది మినోరి.

ఆ పూటే నోరు విప్పి ఉన్న సంగతి చెప్పి ఉంటే ఈ కథ లేదు.

నాకు తెలిసింది ఒక వాన రోజున. కుసునొసె బాబాయ్ నా పక్కన కూర్చున్నాడు. ట్రాము నడిపి రిటైరైన మనిషి. ఐదింటికి గుమ్మానికి తెర కట్టగానే దాని కిందనుంచి దూరి వచ్చే మొదటి బుర్ర ఆయనదే. కప్పు ఖాళీ చేసి మినోరికిచ్చి నిండా పోశాడు.

"ఇదిగో అమ్మాయ్, వాన కోసం ఒకటి."

"అయ్యో, ఒక్క నిమిషం బాబాయ్, కుండ మాడుతోంది," అంటూ ఆమె కప్పు పట్టుకునే పొయ్యి వైపు తిరిగింది. వీపు బల్ల వైపు, మోచేయి పైకి లేచింది, తల వెనక్కి వాలింది. తిరిగొచ్చేసరికి కప్పు ఖాళీ. చేతి వెనకవైపుతో పెదాలు తుడుచుకుంటూ, "ఆహా, ఎంత బాగుందో!" అంది.

"చూశావా చిగుసా! ఈ పిల్ల మన తిమింగలాన్ని మించిపోయేట్టుంది," అని బాబాయ్ పొంగిపోయాడు.

ఆయనకు కనబడింది వీపు. నేను కూర్చున్న చోటి నుంచి నాకు కనబడింది చెయ్యి. కప్పులోది మొత్తం కుండలో పడింది. ముల్లంగి చక్రాలూ చేప తలకాయలూ కలిపి సన్నసెగ మీద పొద్దుటినుంచీ ఉడికే కుండ అది. మినోరి నా కళ్లలోకి చూసింది. నేను నా పళ్లెంలోకి చూశాను.

మర్నాడు పొద్దున్నే నా కొట్టుకొచ్చింది.

"అక్కా, నిన్న... మీరు..."

"నేనేం చూడలేదు."

"చూశారు."

"చూస్తే చూశాను. ఎవరికీ చెప్పను. కానీ ఎన్నాళ్లని?"

"నాకు పడదక్కా. పెళ్లిలో ఒక్క గుక్క తాగితేనే గది తిరిగిపోయింది. అత్తయ్యేమో వద్దనకూడదంటారు. ఈ ఊళ్లో ఇజకాయా యజమానురాలు తాగలేదని తెలిస్తే ఎవరొస్తారు చెప్పండి?"

ఊరికే వచ్చిందనుకుంటానేమోనని, మొహమాటానికి ఒక గొడుగు కూడా కొంది.

ఇక అక్కణ్ణుంచి ఇసరిబి ముల్లంగికి పేరొచ్చింది. పక్క వీధుల వాళ్లు కూడా దానికోసమే వచ్చేవారు. జనం ఎక్కువైన రోజున దానికి రుచీ ఎక్కువే. కుసునొసె బాబాయ్ అది కనిపెట్టనే కనిపెట్టాడు.

"అమ్మాయ్, మంగళవారం ముల్లంగి బాగుంటుంది, కాదన్ను. శనివారం ముల్లంగి మాత్రం అమృతం. శనివారం దాన్ని ఎక్కడ కొంటున్నావు?"

"అదే కొట్టులోనే బాబాయ్," అని మినోరి తలొంచుకుని ఉల్లికాడలు తరిగేది. నేను నవ్వాపుకోలేక ఎన్నిసార్లు పొలమారానో.

ఇలా సాగుతుండగా కత్సువో చేపల కాలం వచ్చింది. ఆ ఏటి మొదటి చేప రేవుకొచ్చిన రోజున మా ఊళ్లో ఎవరూ ఇంట్లో కూర్చోరు. మినోరి సందులో ఇనప పీపా పెట్టి గడ్డిమంట వేసింది. చేపని ఆ మంటలో పైపైన కాల్చి, మందంగా కోసి, ఉప్పూ పచ్చి వెల్లుల్లి చెక్కలూ వేసి ఇస్తుంటే, పళ్లెం బల్ల మీద ఆనకముందే ఖాళీ అయిపోతోంది. ఇంకా పొద్దు గుంకలేదు, లోపల చీమ దూరే సందు లేదు.

అప్పుడు యోరిమిత్సు ఒక చెక్కపెట్టె పట్టుకొచ్చాడు. అతను పళ్ల డాక్టరు. పగలు ఎదుటివాణ్ణి నోరు తెరవమని, సాయంత్రం తను తెరుస్తాడు. తాగుడులో తనను మించినవాడు లేడని అతని నమ్మకం.

"మా తాతగారి కప్పులు! అటక మీద దొరికాయి. పోటీకి ఎవరొస్తారు?"

పెట్టెలో మూడు మొహాల కప్పులూ, ఒక బొంగరమూ. బూరెబుగ్గల ఆడమనిషి మొహం కప్పు చిన్నది. మూతి ముడుచుకున్న మగవాడి మొహానికి నోటి దగ్గర చిల్లు, వేలితో మూసి పట్టుకునే తాగాలి. మూడోది ఎర్రటి తెంగు దెయ్యం. ఆ ముక్కే జానెడు పొడుగు. దాన్ని ఎలా దించినా పక్కకు దొర్లి ఒలికిపోతుంది కనక ఖాళీ చేస్తే గానీ కింద పెట్టడానికి లేదు. బొంగరం తిప్పితే దాని కాడ ఎవరివైపు వాలితే వాళ్లు తాగాలి. ఏ కప్పుతో అన్నది బొంగరం మీద పైకొచ్చిన బొమ్మ చెప్తుంది.

చాప మీద అందరూ గుండ్రంగా కూర్చుని చప్పట్లతో పాట ఎత్తుకున్నారు. బొంగరం తిరుగుతోంది. సరిగ్గా అప్పుడు మినోరి వేయించిన ఉత్సుబో పళ్లెం తెచ్చి, ఇద్దరి మధ్యనుంచి వంగి పెడుతోంది. బొంగరం తూలింది, తూలి ఆమె మోకాలి వైపు వాలింది. పైకొచ్చిన బొమ్మ తెంగు.

"ఓహో!" అని ఇల్లెగిరిపోయింది.

"నేను ఆడట్లేదండీ, పళ్లెం పెడదామని వచ్చాను."

"బొంగరం అబద్ధం చెప్పదు!" అని యోరిమిత్సు అప్పుడే పోసేస్తున్నాడు.

"ఆమె వంతు నేను తాగుతాను, ఇటివ్వండి," అన్నాను నేను.

"చిగుసా, నీ గొడుగు పక్కన పెట్టు, ఇక్కడ వానేం కురవట్లేదు," అన్నాడు కుసునొసె బాబాయ్. "మన అమ్మాయికి ఇదొక లెక్కా! రోజూ నాతో సమానంగా తాగుతుంది. కానియ్ అమ్మాయ్, చూపించు!"

మినోరి పొయ్యి వైపు చూసింది. కుండ అంత దూరాన ఉంది. పాతికమంది కళ్లు ఆమె చేతిమీదే ఉన్నాయి. కప్పు కింద పెడదామంటే పెట్టనివ్వని కప్పు. ఆ ముక్కు రెండు చేతులా పట్టుకుని, కళ్లు మూసుకుని, మొత్తం తాగేసింది.

చప్పట్లు, ఈలలు. ఆమె మెడ దగ్గర మొదలైన ఎరుపు చెవులదాకా పాకుతుంటే అందరూ సంబరమనుకున్నారు. మినోరి చేతిలో తెంగు వంక చూసి, ఎంతో మర్యాదగా, "డాక్టరు గారూ, మీ ముక్కు చాలా పెరిగిందండీ," అంది. తర్వాత అక్కడున్న దిండు దగ్గరికి లాక్కుని, కాళ్లు ముడుచుకుని, నిద్రపోయింది.

నేను పరుగెత్తాను. యోరిమిత్సు నాడి పట్టుకున్నాడు, కనురెప్ప ఎత్తి చూశాడు, అలవాటు కొద్దీ నోరు కూడా తెరిచి చూశాడు.

"ఎలా ఉంది?" అన్నాను.

"నాడి బాగుంది. ఊపిరి బాగుంది. పళ్లు ఇంకా బాగున్నాయి. నిద్రపోతోంది, అంతే. పక్కకి తిప్పి పడుకోబెట్టండి, ఎవరో ఒకరు దగ్గరే కూర్చోండి."

పక్కన పూలకొట్టావిడ కూర్చుంది. మిగతా వాళ్లం ఒకళ్ల మొహాలొకళ్లం చూసుకున్నాం. సందులో గడ్డిమంట రగులుతోంది. బల్ల మీద సగం కోసిన చేప. గుమ్మంలో ఇంకో నలుగురు, "ఖాళీ ఉందాండీ?" అని అడుగుతున్నారు.

"ఉంది, రండి!" అన్నాను. ఎందుకన్నానో తెలియదు.

తర్వాత జరిగింది ఇసరిబిలో ఎన్నడూ జరగలేదు. యోరిమిత్సు చొక్కా చేతులు మడిచి చేప కాల్చడానికి పోయాడు. పన్ను పీకినంత సులువనుకున్నాడు. భగ్గున లేచిన మంటకి ఒక కనుబొమ్మ పోయింది. చేప ఒకవైపు బొగ్గు, ఇంకోవైపు ఇంకా ఈదేట్టు ఉంది. బ్యాంకులో పనిచేసే ఇద్దరమ్మాయిలు అంట్లు తోమారు. ఎవరేం అడిగారో నేను మర్చిపోతుంటే, అడిగినవాళ్లే లేచొచ్చి తీసుకుపోయారు. ఎవరి సాకే వాళ్లు వేడి చేసుకున్నారు. ఒకాయన పళ్లెం పట్టుకుని తిరుగుతూ, "ఈ వంకాయ ఎవరిది? ఎవరిదీ కాకపోతే నాదే," అని తనే తినేశాడు. నవ్వులకి ఇంటి కప్పు ఎగిరిపోతుందేమో అనిపించింది.

కుండ బాధ్యత కుసునొసె బాబాయ్ తీసుకున్నాడు. ముల్లంగి ముక్క తీసి రుచి చూసి మొహం చిట్లించాడు.

"చప్పగా ఉందేం? ఇవాళ ఇంతమంది ఉన్నారు, శనివారం కంటే బాగుండాలే!"

నాకూ అప్పటికి నాలుగైదు కప్పులు పడ్డాయి. నోరు జారింది. "పడాల్సింది పడలేదు మరి."

"ఏం పడాలి?"

"నువ్విచ్చే సాకే."

ఆయనకు అర్థం కాలేదు. అందరూ వింటున్నారు. ఇక దాచి లాభం లేదని చెప్పేశాను. రెండేళ్లుగా మీరంతా ఆ పిల్లకిచ్చిన ప్రతి కప్పూ ఈ కుండలోకే పోయింది, మీరు మెచ్చుకుంటూ తింటున్నది మీ సాకేనే, అని.

అంతలో యోరిమిత్సు గుమ్మంలో పడీపడీ నవ్వడం మొదలుపెట్టాడు. ఇల్లంతా అందుకుంది. "నేను రెండేళ్లుగా ముల్లంగితో పోటీ పడుతున్నానా!" అని ఒకాయన పొట్ట పట్టుకుని దొర్లాడు.

బాబాయ్ మాత్రం నవ్వలేదు. చాప మీద పడుకున్న మినోరి ఎర్రటి మొహం వంక చాలాసేపు చూశాడు. గరిటె కుండ అంచున ఆనించాడు. "అట్లాగా," అన్నాడు. కొయ్యకు తగిలించిన టోపీ తీసుకుని బయటికి నడిచాడు. పిలిచినా వెనక్కి తిరగలేదు.

అప్పుడు మెట్ల మీద చప్పుడైంది. కమెయో పెద్దమ్మ ఒక్కో మెట్టు మీదా కూర్చుంటూ, జారుతూ దిగుతోంది.

"కింద చప్పుడు మారిందేమిటా అని వచ్చాను. నలభై ఏళ్లు విన్న చెవులివి. ఆ కత్తి కింద పెట్టవోయ్ డాక్టరూ, చేప ఏడుస్తోంది. చిగుసా, ఆ ఏప్రాన్ ఇటు పడెయ్!"

ఎత్తు కుర్చీ ఒకటి వేయించుకుని కూర్చుంది. చేతులు మాత్రం ఏమీ మర్చిపోలేదు. ఒక చేత్తో కోస్తూ, ఇంకో చేత్తో అందించిన కప్పులు అందుకుంటూ, పావుగంటలో అంగడిని దారిలో పెట్టింది. ఆవిడ మొహం చూస్తే మోకాలి వల్ల కాదు, ఇంట్లో కూర్చోబెట్టినందుకే జబ్బు చేసినట్టనిపించింది.

మినోరి లేచేసరికి జనం పలచబడ్డారు. జుట్టు సరిచేసుకుంటూ వచ్చి అత్తగారి ముందు మోకాళ్ల మీద కూర్చుని తల నేలకు ఆనించింది.

"క్షమించండత్తయ్యా. నిద్రపోయాను."

"నిద్రపోయినందుకు నిన్నెవరేమన్నారు? మనిషన్నాక నిద్రపోతాడు. కానీ వాళ్లు నీకని పోసిచ్చింది ముల్లంగికి పోస్తావా? అదీ నా ఒళ్లు మండించేది. తాగలేనండీ అంటే నీ నోట్లోంచి ముత్యాలు రాలిపోతాయా?"

"మీరే చెప్పారుగా, వద్దనకూడదని."

"చెప్పాను. నువ్వు తాగలేవని తెలిస్తే చెప్తానా? నీకు పెళ్లయి తొమ్మిదేళ్లు. ఒక్కనాడన్నా నాతో అన్నావా?"

"మీరు ఒక్కనాడన్నా అడగలేదు కదత్తయ్యా."

కమెయో పెద్దమ్మ చేతిలో ఉన్న కప్పు తాగేసింది.

"అడగలేదు," అంది. "ఈ ఊళ్లో అదీ ఒక ప్రశ్నేనా అసలు! లే, లేచి నీళ్లు తాగు. మొహం చూస్తే భయమేస్తోంది."

మర్నాటినుంచి వచ్చినవాళ్లందరికీ మినోరి క్షమాపణ చెప్పుకుంది. ఎవరూ పట్టించుకోలేదు సరికదా, ఊళ్లో కథ పాకి ముల్లంగికి మరింత గిరాకీ పెరిగింది. యోరిమిత్సు ఒంటి కనుబొమ్మతో వచ్చి, "మీ కడుపులోకి పోయినా నా కడుపులోకి పోయినా సాకే ఒకటేగా," అన్నాడు. కానీ ఐదింటికి తెర కిందనుంచి దూరే బుర్ర మాత్రం రాలేదు. మర్నాడూ రాలేదు, ఆ వారమూ రాలేదు. వానాకాలం మొదలైంది, అప్పుడూ రాలేదు.

"నేనే వెళ్తానక్కా," అంది మినోరి. "నలుగురిలో ఆయన తల దించేశాను. 'నాతో సమానంగా తాగుతుంది' అని ఎంత గొప్పగా చెప్పుకునేవారో!"

వాన తెరిపిచ్చిన ఒక పొద్దున ఇద్దరం ట్రామెక్కి ఆఖరి స్టాపులో దిగాం. బాబాయ్ ఇల్లు అక్కడే, చిన్న పెరడుతో. నిచ్చెన ఎక్కి పసుప్పచ్చటి బివా పళ్లు కోస్తున్నాడు. మమ్మల్ని చూసి ఇంకో మెట్టు పైకెక్కాడు. ఆకుల్లో తల కనబడలేదు, కాళ్లే కనబడ్డాయి. మినోరి ఆ కాళ్లకే దణ్ణం పెట్టింది.

"బాబాయ్, నా మీద కోపంగా ఉన్నారా?"

"కోపం లేదు," అన్నాయి కాళ్లు.

"మరి ఎందుకు రావట్లేదు?"

"పళ్లు కోస్తున్నాను."

"ఇన్నాళ్ల నుంచీనా?" అన్నాను నేను. "ఒక్క చెట్టుకేనా?"

కాసేపటికి నిచ్చెన కిర్రుమంది. దిగొచ్చి వాకిట్లో అరుగు మీద కూర్చున్నాడు. పళ్లబుట్ట మా మధ్య పెట్టాడు. ఒక పండు ఒలిచి, తినకుండా చేతిలోనే పట్టుకున్నాడు.

"నీ మీద కోపమెందుకమ్మాయ్. ఆ రోజు నీ మొహం అట్లా ఎర్రగా చూసేసరికి మా సయో గుర్తొచ్చింది. పెళ్లినాడు మూడు గుక్కలకే దాని మొహం అచ్చం అట్లానే అయింది. నేను సిగ్గనుకున్నాను."

సయో ఆయన భార్య. పోయి ఆరేళ్లు. నేను ఆవిణ్ణి రెండు మూడు సార్లే చూశాను, గొడుగు కొనడానికి వచ్చినప్పుడు.

"డిపోలో వాళ్లందర్నీ ఇంటికి తెచ్చేవాణ్ణి," అన్నాడు బాబాయ్. "అది వంటింట్లోంచి వచ్చేదే కాదు. 'రావే, ఒక్క కప్పు పుచ్చుకో' అని కేకలేసేవాణ్ణి. వచ్చేది, కప్పు తీసుకునేది, 'పొయ్యి మీద ఏదో ఉంది' అని లోపలికి పోయేది. ఇంకెక్కువ బలవంతం చేస్తే తలనొప్పనేది. మనుషులతో కలవదు, అదో రకం అనుకున్నాను. నలుగురిలో అన్నాను కూడా. ఇసరిబికి ఒక్కసారి రమ్మనలేదు. తాగనిదానికి అక్కడేం పని అనుకున్నా. తిండి ఉందిగా అక్కడ! ఆ కాల్చిన కత్సువో అంటే దానికి ప్రాణం. పొట్లం కట్టించుకు వచ్చేవాణ్ణి. చల్లారిపోయాక తినేది."

మేం ఏమన్నా అబద్ధమే అవుతుంది. మినోరి బుట్టలోంచి ఒక పండు తీసుకుని ఒలుస్తూ కూర్చుంది. కొంతసేపయ్యాక, నిజంగా తెలుసుకోవాలన్నట్టు అడిగింది:

"ఆవిడ ఎందులో పోసేవారంటారు బాబాయ్?"

"ఆఁ?"

"మీరిచ్చిన కప్పు తీసుకుని వంటింట్లోకి వెళ్లేవారన్నారుగా. తాగి ఉండరు. పారబోసే మనిషిలానూ లేరు. మరి ఎందులో పోసేవారు?"

బాబాయ్ నోరు తెరిచి ఆమె వంకే చూశాడు. కళ్లు మెల్లగా పెద్దవయ్యాయి.

"వంకాయలు!" అన్నాడు. "దేవుడా... వంకాయలే! డిపో వాళ్లు వచ్చిన రోజున మా ఇంట్లో వంకాయ ఎంత బాగుండేదనుకున్నావు! మామూలు రోజుల్లో వండమంటే ఆ రుచి వచ్చేది కాదు. ఎందుకే అంటే, 'జనం లేకపోతే రాదు లెండి' అనేది!"

ముందు నవ్వింది ఆయనే. నవ్వుతూ నవ్వుతూ కళ్లు తుడుచుకున్నాడు. నేనూ తుడుచుకున్నాను. మినోరికైతే ఎక్కిళ్లే వచ్చాయి. "నలభై ఏళ్లు! నా సాకే నాకే తినిపించింది! నేనేమో ఏదీ పట్టని పిచ్చిదనుకున్నా!" అని తొడ చరుచుకుంటుంటే పక్కింటి కుక్క మొరగడం మొదలుపెట్టింది.

వచ్చేటప్పుడు పళ్లన్నీ సంచిలో పోసి ఇచ్చాడు. గేటు దగ్గర ఆగి అడిగాడు.

"అమ్మాయ్, మా కూతురు కజుహని తీసుకురావచ్చా? అదీ వాళ్లమ్మ లాగే, చుక్క పడదు."

"తాగనివాళ్లకు మా దగ్గర తిండి పెట్టబోమని ఎవరన్నారు బాబాయ్? తీసుకురండి."

ఆ వారమే మినోరి బల్ల మీద ఒక గాజు కూజా పెట్టింది. యుజు నిమ్మరసం, తేనె, చల్లటి నీళ్లు. ఎవరైనా కప్పు ఇస్తే రెండు చేతులా అందుకుంటుంది, కూజా వాళ్ల చేతికే ఇస్తుంది. వాళ్లు పోస్తారు, ఆమె చివరిదాకా తాగి, కప్పు తిరిగిచ్చి వాళ్లకి సాకే పోస్తుంది. దీనికి కమెయో పెద్దమ్మ ఏమంటుందోనని అందరం మెట్ల వైపు చూశాం.

"పోసేవాడు పోశాడు, తాగేవాడు తాగాడు. మధ్యలో ఉన్నదాని సంగతి నాకెందుకు?" అంది ఆవిడ. "కుండలో పోయకపోతే చాలు. కుండకి కావాలంటే సీసాలోంచి పోసుకోండి, అడిగి."

ఆ కూజా పెట్టాకే అసలు వింత బయటపడింది. మహా తాగుబోతుల ఊరని పేరు పడ్డ మా ఊళ్లో, తాగలేని వాళ్లు ఇంతమంది ఉన్నారని నాకు తెలియదు. ముందు సాకే బట్టీ లారీ నడిపేవాడొచ్చాడు, అటూ ఇటూ చూసి, "నాకూ ఆ కూజాలోదే," అన్నాడు. తర్వాత చౌరస్తా పోలీసు. ఆ తర్వాత బ్యాంకు అమ్మాయిల్లో ఒకతి. చివరికి ఒక సాయంత్రం యోరిమిత్సు నా పక్కన చేరి గొంతు తగ్గించాడు.

"చిగుసా గారూ, ఒక మాట. నాకు మూడు కప్పులు దాటితే పడదండీ. నాలుగోది నుంచీ గుమ్మం పక్కన కుండీలో..."

"ఆ పైన్ మొక్కలోనా? రెండుసార్లు ఎండిపోయింది కదయ్యా అది!"

"మూడుసార్లు. ఒకసారి నేనే కొత్తది తెచ్చి పెట్టాను."

కజుహ ఒక శనివారం వచ్చింది. నలభై దాటిన మనిషి, సిటీ బస్సు నడుపుతుంది. తండ్రి లాగే చక్రం పట్టుకునే ఉద్యోగం. గుమ్మంలో తెర పైకెత్తి పట్టుకుని, లోపలికి రావచ్చో లేదో అన్నట్టు నిలబడింది. బాబాయ్ ఆమె భుజం పట్టుకుని తన పక్క కుర్చీలో కూర్చోబెట్టాడు. మినోరి ఇద్దరి మధ్యా ఒకే పెద్ద పళ్లెం పెట్టింది. మంటలోంచి అప్పుడే తీసిన కత్సువో, పైన వెల్లుల్లి చెక్కలు. ఇంకా పొగ వస్తోంది.

కజుహ ఒక ముక్క నోట్లో పెట్టుకుంది. కళ్లు మూసుకుంది. రెండోది పెట్టుకుంది. తండ్రి ఒకటి తీసేలోపల నాలుగు తినేసింది.

"నాన్నా."

"ఊఁ."

"ఇంత మంచి చోటు పెట్టుకుని, నా పుట్టినరోజుకి ప్రతిసారీ స్టేషన్ ఎదురుగా నూడుల్సు తినిపించావా?"

"నీకవంటే ఇష్టమనుకున్నా."

"నువ్వు అడిగావా?"

"ఈ మాట నేనిదివరకు విన్నాను," అన్నాను నేను. మినోరి కొంగలా మెడ తిప్పుకుని చేపలు కడగడం మొదలుపెట్టింది.

"తప్పే," అన్నాడు బాబాయ్. "ఇవాళ అడుగుతున్నా. ఇంకేం తింటావు?"

ఆమె గోడ మీద వేలాడే పేర్ల చీటీలన్నీ ఒక కొసనుంచి చదవడం మొదలుపెట్టింది. వేయించిన ఉత్సుబో, నది రొయ్యలు, సముద్రపు నాచు పకోడీ, యుజు పులుపు వేసిన కూరగాయల సుషీ. చదివినదల్లా చెప్పింది. చెప్పినదల్లా మినోరి వండింది. వచ్చిన ప్రతి పళ్లెంలోంచీ ఆమె మొదటి ముక్క తీసి తండ్రి పళ్లెంలో వేసి, మిగతా పని తను చూసుకుంది. బాబాయ్ తినడం మానేసి కూతురి వంకే చూస్తూ కూర్చున్నాడు. ఆయన కప్పులో సాకే పోసింది పోసినట్టే ఉంది.

అంతలో మెట్ల మీద చప్పుడు. శనివారం శనివారం కమెయో పెద్దమ్మ ఇప్పుడు కిందికి దిగుతోంది, మోకాలికి మంచిదట. వచ్చి కజుహ పక్కన కూర్చుని ఆమెని ఎగాదిగా చూసింది.

"నువ్వు మన సయో కూతురివా? నువ్వూ తాగవా?"

"తాగనండీ పెద్దమ్మా. ఏమనుకోకండి."

"అనుకోవడానికేముందే పిల్లా," అని కమెయో పెద్దమ్మ కప్పు ముందుకు చాపింది. "నీ వాటా ఇటు పోయించు."